సోమవారం గ్రీవెన్స్‌లో కెమెరా పెడతానన్న తమ్ముడికి

తమ్ముడూ,

విజయనగరం కలెక్టరేట్‌లో సోమవారం జనం అర్జీలు ఇచ్చుకునే గ్రీవెన్స్ మీద డాక్యుమెంటరీ తీస్తానన్నావ్, వాయిస్ ఓవర్ వద్దు, ఇంటర్వ్యూలు వద్దు, జరిగేది జరిగినట్టే అన్నావ్, చదివి చాలా సంతోషమేసింది. మన జిల్లాల వెనకబాటు మీద స్పీచ్‌లు బోలెడు, ఒక ఆఫీసు పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఎలా నడుస్తుందో ఓపిగ్గా చూపించేవాళ్ళు కావాలి మనకి.

పెద్దాఫీసరు సరే అన్నారని రెండు పేజీలు రాశావ్. అది నువ్వు లోపలికి వెళ్ళడానికి పర్మిషన్, అంతే. అర్జీ పట్టుకుని కూర్చున్న అవ్వ మొహం తీసుకోమనడానికి ఆయనెవరు చెప్పు? ఆవిడని విడిగా అడగాలి. మెడలో కార్డు, చేతిలో కెమెరా ఉంటే మనవాళ్ళు నిన్నూ ఆఫీసు మనిషివే అనుకుంటారు, "బాబూ, నువ్వు తీసుకెళ్తే నా పింఛను వచ్చీద్దేటి?" అంటారు. అప్పుడు ఆవిడ తల ఊపిందంటే పింఛను మీద ఆశతో ఊపినట్టు. నావల్ల నీ పని అవదమ్మా, నేను సినిమా తీసుకుంటన్నాను, వద్దంటే ఆపేస్తాను అని చెప్పు, అది విన్నాక కూడా సరే అంటేనే రికార్డ్ నొక్కు.

ఫ్రెడరిక్ వైజ్‌మన్ పేరు వినే ఉంటావ్, ఈ పద్ధతిలో పెద్దాయన, చదివింది లా. 1966లో అమెరికాలోని మసాచుసెట్స్‌లో మతిస్థిమితం లేని ఖైదీలని ఉంచే చోట మొదటి డాక్యుమెంటరీ 'టిటికట్ ఫాలీస్' తీశాడు, అధికారుల పర్మిషన్‌తోనే. 1967లో సినిమా బయటికొచ్చేసరికి అదే ప్రభుత్వం ఖైదీల ప్రైవసీ పోయిందని కోర్టుకెళ్ళింది. డాక్టర్లు, లాయర్లు లాంటివాళ్ళు చూడొచ్చన్నారు గానీ మామూలు జనం చూడ్డానికి 1991 దాకా పట్టింది. ప్రభుత్వం కాపాడుకుంది తన పరువే అని నా నమ్మకం. కానీ ఆ సినిమాలో బట్టల్లేకుండా నిలబెట్టిన ఖైదీ తరఫున అక్కడి సూపరింటెండెంట్ సరే అనొచ్చా అన్న ప్రశ్న మాత్రం ఇప్పటికీ మనల్ని వదల్లేదు, వదలకూడదు కూడా.

కోర్టు సంగతి వేరు. బొబ్బిలైనా చీపురుపల్లైనా వెళ్ళి వెనక బెంచీలో కూర్చుని చూడొచ్చు, పర్మిషన్ లేకుండా కెమెరా మాత్రం తీయకు, వరండాలో కూడా. రేప్ కేసులు, పోక్సో, పిల్లల కేసుల జోలికి అసలు వెళ్ళకు, బాధితుల పేరో మొహమో బయటపెడితే నేరం. 2022 సెప్టెంబర్ నుంచి సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం వాదనలు లైవ్ ఇస్తోంది కదా, కొన్ని చూడు. జడ్జీలు కనిపిస్తారు, లాయర్లు కనిపిస్తారు, కేసు ఎవరిదో ఆ మనిషి ఫ్రేములో ఉండడు. మనం వెతకాల్సింది వాణ్ణే, వాయిదా ఎప్పుడో గుమాస్తాని మళ్ళీ మళ్ళీ అడుగుతుంటాడు చూడు, వాణ్ణి.

సౌండ్ మీద ఖర్చు పెట్టు, డ్రోన్ మీద కాదు. హాల్లో మైకు ఆఫీసర్ల టేబుల్ మీదే ఉంటుంది, అర్జీదారు గొణిగింది ఫ్యాను చప్పుడులో పోద్ది, నీ మైకు వాళ్ళ వైపుండాలి. వైజ్‌మన్ సౌండ్ తనే పట్టేవాడు.

ఇంకోటి, ఇదే అన్నిటికన్నా ముఖ్యం. అర్జీ మీద రాసి, ఆన్‌లైన్‌లో ఎక్కించి రశీదు చేతిలో పెడతారు, అక్కడితో సీను అయిపోయిందనుకోకు, ఆ కాగితం వెనకాల నువ్వూ వెళ్ళు. మ్యుటేషన్, అంటే భూమి రికార్డులో పేరు మార్పు, తహసీల్దారాఫీసులో ఆగిపోయిందని కలెక్టరుకి అర్జీ పెడితే, రిపోర్టు కోసం అది మళ్ళీ ఆ తహసీల్దారుకే వెళ్తుంది. కామెంటరీ అక్కర్లేదు, కలెక్టరేట్ సీను పక్కన మండలాఫీసు సీను పెట్టు, చూసేవాళ్ళకి తెలిసిపోద్ది. అలాగని అక్కడి క్లర్కుని విలన్ని చెయ్యకు, ఆవలించిన ముక్క కట్ చేసి అతికించడం తేలిక, అది అన్యాయం. 'బియాండ్ ఎస్ఎల్ఏ', అంటే గడువు దాటిన అర్జీ, ఒక్కటీ ఉండకూడదని పైనుంచి రివ్యూల్లో వాయిస్తుంటే ఆ పిల్లాడు అర్జీ పరిష్కరించడం మానేసి క్లోజ్ చెయ్యడం నేర్చుకుంటాడు, నీ సినిమాలో అది కూడా కనపడాలి, అతని మొహం మీద కెమెరా కాస్త ఎక్కువసేపు ఉంచితే కనపడుద్ది.

వచ్చే సోమవారం కెమెరా లేకుండా వెళ్ళు, ఎవరు ఎక్కడ కూర్చుంటారు, టోకెన్లు ఎవరిస్తారు, బయట అర్జీలు రాసిపెట్టేవాళ్ళు ఎంత తీసుకుంటారు, అన్నీ నోట్ చేసుకో. తర్వాత తీసినవి ఎడిట్ చెయ్యకుండా, మ్యూజిక్ వెయ్యకుండా పెన్‌డ్రైవ్‌లో పంపు, మొత్తం చూస్తాను.

ఉంటాను,
మీ అన్నయ్య, శ్రీకాకుళం