నూడుల్స్ ముద్దవడానికి కారణం సాస్ కాదు, బాణలి నిండా వేయడం

మీ ప్రశ్న క్లుప్తంగా ఇది: చెన్నైలో ఉంటారు. చైనీస్ హోటల్లో తిన్న బీఫ్ స్టీక్ నూడుల్స్ ఇంట్లో కూరగాయలు వేసి చేస్తే నూడుల్స్ ముద్దవుతున్నాయి, మాంసం సాగుతోంది, నమలలేకపోతున్నారు. ఏ సాస్ కొనాలి అని అడిగారు.

సాస్ సంగతి తర్వాత చూద్దాం. ముందు ఒకటి చెప్పండి, నలుగురికీ కలిపి ఒకేసారి బాణలిలో వేస్తున్నారా? అయితే ఏ సాస్ పోసినా ఆ రుచి రాదు. మా తమ్ముడు కొన్నాళ్ళు అన్నానగర్ వైపు ఒక చైనీస్ హోటల్ వంటగదిలో పనిచేశాడు. మా ఇంటికి వచ్చి నా వంట చూసి ఒకే మాట అన్నాడు: "అక్కా, నీ పొయ్యి మీద ఇంత వేస్తే ఉడుకుతుంది గానీ వేగదు." అంతకంటే బాగా నేను చెప్పలేను.

లెక్క చూస్తే విషయం తెలుస్తుంది. మన ఇంటి గ్యాస్ పొయ్యిలో పెద్ద బర్నర్ ఇచ్చే వేడి సుమారు 2 నుంచి 3 కిలోవాట్లు. చైనీస్ హోటళ్ళలో వోక్, అంటే వాళ్ళ గుండ్రటి బాణలి, పెట్టే బర్నర్లు 25, 30 కిలోవాట్ల దాకా ఉంటాయి. అంటే దాదాపు పది రెట్లు. అంత మంట ఉండి కూడా మాస్టర్ ఒకటి రెండు ప్లేట్ల కంటే ఎక్కువ వేయడు. మనం పదోవంతు మంట మీద నాలుగు ప్లేట్లు వేస్తాం. కూరగాయల్లోంచి, మాంసంలోంచి వచ్చే నీరు ఆవిరై పోయే దారి లేక అడుగున నిలుస్తుంది. ఆ నీళ్ళలో నూడుల్స్ రెండోసారి ఉడికి ముద్దవుతాయి. గారెలు వాయిలుగా వేస్తామే, నూడుల్స్ కూడా అలాగే వాయికి ఒకరికి, మహా అయితే ఇద్దరికి. నలుగురికి చేయాలంటే నాలుగు వాయిలు. ఒక్కో వాయికి మూడు, నాలుగు నిమిషాలే పడుతుంది, అన్నీ ముందే కోసి పక్కన పెట్టుకుంటే.

హోటల్లో ఉండే పెద్ద మంట బర్నర్ కొని ఇంటి సిలిండర్‌కు తగిలిద్దామనే ఆలోచన కొందరికి వస్తుంది. వద్దు. దానికి హై ప్రెషర్ రెగ్యులేటర్ కావాలి, మన 14.2 కిలోల ఇంటి సిలిండర్ రెగ్యులేటర్, గొట్టం అందుకోసం చేసినవి కావు. ఫ్లాట్ వంటగదిలో అది ప్రమాదం.

ఇక మాంసం. మీ అసలు కష్టం ఇక్కడే ఉందనుకుంటున్నాను.

విదేశాల్లో స్టీక్‌కి వాడే మాంసాన్ని కోసిన తర్వాత చల్లటి గదుల్లో వారాల తరబడి ఉంచి అమ్ముతారు. ఆ సమయంలో మాంసంలో ఉన్న ఎంజైములే కండను మెత్తబరుస్తాయి. మన దగ్గర తెల్లవారి కోసింది మధ్యాహ్నానికి అమ్ముడైపోతుంది. పైగా అది చాలాసార్లు ముదురు పశువుదో, గేదెదో. కూరకు అది బంగారం, కుక్కర్‌లో పెడితే ఎంత ముదురైనా దారికొస్తుంది. నిమిషంలో వేయించి తినే వంటకు మాత్రం అదే పెద్ద అడ్డం. అందుకే షాపులో "అండర్‌కట్" అడగండి. వెన్నెముక లోపలివైపు ఉండే మెత్తటి కండ అది. ఖరీదు ఎక్కువే, కానీ ప్లేటుకు 75 గ్రాములు చాలు, కాబట్టి నలుగురికి 300 గ్రాములతో సరిపోతుంది. ఆదివారం పొద్దున్నే వెళ్ళకపోతే దొరకదు. ఇంకో మాట, అడిగేలోపే కత్తి వేసి కూర ముక్కలు కొట్టేస్తారు. ముందే "వెట్టాదీంగ అణ్ణా, ముళుసా కుడుంగ" (కోయకండి అన్నా, మొత్తంగా ఇవ్వండి) అని చెప్పండి. తెచ్చి ఒక రోజు ఫ్రిజ్‌లో ఉంచి వండితే ఇంకా నయం.

అండర్‌కట్ దొరకకపోతే తొడ భాగంలో కొవ్వు, నరాలు లేని ముక్క తీసుకోండి. దాన్ని మెత్తబరచడానికి వంట సోడా ఉంది.

కోయడం ఎలాగంటే, ముక్కను అరగంటో ముప్పావు గంటో ఫ్రీజర్‌లో పెట్టండి. పూర్తిగా గడ్డకట్టకూడదు, బిగుసుకుంటే చాలు, కత్తి జారదు. కండలో పోగులు ఒకే వైపు గీతల్లా కనబడతాయి. ఆ గీతలకు అడ్డంగా, రూపాయి బిళ్ళకంటే కొంచెం మందంగా, పలుచటి ముక్కలు కోయాలి. గీతల వెంట కోస్తే పొడవాటి పోగు అలాగే నోట్లోకి వస్తుంది, దాన్ని తెంపే పని మన పళ్ళది అవుతుంది. అడ్డంగా కోస్తే ఆ పని కత్తే చేసేస్తుంది. మాంసం సాగుతోందని నన్ను అడిగినవాళ్ళలో ఎక్కువమంది దగ్గర తేడా ఇక్కడే కనిపించింది.

300 గ్రాముల ముక్కలకు అర టీ స్పూన్ వంట సోడా, రెండు స్పూన్ల నీళ్ళు కలిపి పట్టించి 20 నిమిషాలు ఉంచండి. సోడా మాంసం పైభాగాన్ని క్షారంగా మారుస్తుంది. అప్పుడు వేడి తగిలినా ప్రోటీన్లు గట్టిగా బిగుసుకోవు, లోపలి రసాన్ని పిండేయవు. తర్వాత బాగా కడిగి, గుడ్డతో అద్ది తడి తీసేయాలి. కడగకపోతే సబ్బు రుచి వస్తుంది. అండర్‌కట్ అయితే సోడా అక్కర్లేదు. ఏ మాంసమైనా చివర ఒక స్పూన్ సోయా సాస్, ఒక స్పూన్ కార్న్‌ఫ్లోర్, ఒక స్పూన్ నూనె పట్టించండి. హోటల్లో మాంసం మీద కనిపించే ఆ నునుపు ఈ కార్న్‌ఫ్లోర్ పొర వల్లే.

మన ఇళ్ళలో మటన్‌కు పచ్చి బొప్పాయి వేసే అలవాటు ఉంది కదా. ఇక్కడ వద్దు. పలుచటి ముక్కలకు అది పడితే పైభాగం పిండి పిండిగా అయిపోతుంది, నూనెలో వేయగానే విడిపోతుంది.

స్టీక్‌ను మొత్తంగా కాల్చి, కోసి, నూడుల్స్ మీద పేర్చడం కూడా కొన్ని హోటళ్ళలో చూస్తాం. చూడటానికి బాగుంటుంది. కానీ చాప్‌స్టిక్స్‌తో తినే చైనీస్ పద్ధతిలో ముక్కలు వండక ముందే కోస్తారు. పైన చెప్పినట్టు మన షాపు మాంసం స్టీక్‌లా కాల్చడానికి అంత అనుకూలం కాదు. అండర్‌కట్ దొరికితేనే ఆ ప్రయత్నం చేయండి, వేయించాక ఐదు నిమిషాలు ఆగి కోయండి. నా ఓటు మాత్రం ముందే కోసి వేయించే పద్ధతికే.

బీఫ్ తినని వాళ్ళు ఇంట్లో ఉంటే చికెన్ తొడ మాంసంతో ఇదే పద్ధతి పనిచేస్తుంది. మా అత్తగారు తినరు. అందుకని మా ఇంట్లో మాంసానికి వేరే బాణలి ఉంది, నూడుల్స్‌కి వేరే. ఆమె ప్లేటు ముందు తీసేసి, తర్వాత మిగతావాళ్ళ వాయిల్లో వేయించిన మాంసం కలుపుతాను. ఇంట్లో సర్దుబాటు కోసం మొదలైంది గానీ రుచికి కూడా ఇదే మంచిది. మాంసం రసం నూడుల్స్‌లోకి దిగదు, నూడుల్స్ పొడిపొడిగా ఉంటాయి.

బాణలి ఇనుముది అయితే మేలు, పలుచటిది. పార్క్ టౌన్‌లో ఈవినింగ్ బజార్ వైపు హోటల్ పాత్రల షాపుల్లో దొరుకుతుంది. కొత్తది కొన్నాక తోమి, నూనె రాసి, పొగ వచ్చేదాకా కాల్చి నలుపు ఎక్కించాలి. నాన్‌స్టిక్ ఈ వంటకు పనికిరాదు. 260 డిగ్రీలు దాటితే ఆ పూత పాడవడం మొదలవుతుంది, మనం ఖాళీ బాణలిని పొగలు వచ్చేదాకా కాల్చాలి మరి. నూనె రిఫైన్డ్ వేరుశనగదో, సన్‌ఫ్లవర్‌దో వాడండి.

నూడుల్స్ విషయంలో పెద్దగా చెప్పేది లేదు. హక్కా నూడుల్స్ ప్యాకెట్ ఏదైనా సరే, ప్లేటుకు 75 గ్రాములు. ఎక్కువ నీళ్ళలో ఉప్పు వేసి, ప్యాకెట్ మీద రాసిన సమయానికి ఒక నిమిషం ముందే దించండి. చన్నీళ్ళతో కడిగి, వడకట్టి, స్పూన్ నూనె కలిపి పళ్ళెంలో పరచండి. వీలైతే గంటసేపు ఫ్రిజ్‌లో పెట్టండి. హోటళ్ళలో పొద్దున ఉడికించి పెట్టుకున్న నూడుల్స్‌నే సాయంత్రం వేయిస్తారు. వేడివేడి నూడుల్స్ బాణలిలో వేస్తే అతుక్కుంటాయి, చల్లారినవి విడివిడిగా తిరుగుతాయి.

కూరగాయల్లో క్యారెట్, క్యాబేజీ, క్యాప్సికం, బీన్స్, ఉల్లికాడలు చాలు. బ్రోకలీ వేస్తే ముందు ఒక నిమిషం మరిగే నీళ్ళలో వేసి తీయండి. చెన్నై గాలిలో ఉన్న తేమకు కడిగిన కూరగాయలు తొందరగా ఆరవు, పొద్దున్నే కడిగి ఫ్యాన్ కింద గుడ్డ మీద పరచండి. చిన్న పని అనిపిస్తుంది, కానీ బాణలిలో నీరు చేరే దారుల్లో ఇది రెండోది. ఉప్పు మాత్రం చివర్లో వేయండి, ముందే వేస్తే క్యాబేజీ నీరు వదిలేస్తుంది.

ఇప్పుడు సాస్. నలుగురికి: లైట్ సోయా రెండు టేబుల్ స్పూన్లు, డార్క్ సోయా ఒక టీ స్పూన్, ఆయిస్టర్ సాస్ ఒక టేబుల్ స్పూన్, పంచదార ఒక టీ స్పూన్, మిరియాల పొడి అర టీ స్పూన్. ఇవన్నీ ఒక గిన్నెలో కలిపి, వాయికి నాలుగో వంతు. లైట్ సోయా ఉప్పు, రుచి కోసం, డార్క్ రంగు కోసం. చాలామంది డార్క్ ఒక్కటే కొని గరిటెలతో పోస్తారు, నూడుల్స్ నల్లబడతాయి, చేదెక్కుతాయి. చైనీస్ వంటకాల్లో రాసే షావోసింగ్ వైన్ (బియ్యంతో చేసే వంట వైన్) కోసం టాస్మాక్ మద్యం షాపు దగ్గర క్యూ కట్టనక్కర్లేదు, అది లేకపోయినా నష్టం లేదు. నువ్వుల నూనె విషయంలో మాత్రం జాగ్రత్త. మన గానుగ నువ్వుల నూనె పచ్చి నువ్వులది, చైనీస్ వాళ్ళది వేయించిన నువ్వులది, ముదురు గోధుమ రంగులో ఘాటుగా ఉంటుంది. ఒకదాని బదులు ఇంకొకటి పోస్తే ఆవకాయ వాసన వస్తుంది. దొరక్కపోతే వేయించిన నువ్వులు చల్లండి.

అజినోమోటో వేయాలా వద్దా అన్నది మీ ఇష్టం. 1908లో జపాన్ శాస్త్రవేత్త కికునాయె ఇకెడా సముద్రపు నాచు రసం నుంచి వేరుచేసిన గ్లుటమేట్ రుచే అది, టమాటాలోనూ సహజంగా ఉంటుంది. సోయా, ఆయిస్టర్ సాస్ రెండింటిలోనూ ఆ రుచి ముందే ఉంటుంది కాబట్టి నేను వేయను.

మీరు తిన్నది కారంగా, వెల్లుల్లి, వెనిగర్ వాసనతో ఉంటే అది మన ఫాస్ట్‌ఫుడ్ బండి పద్ధతి. దానికి ఆయిస్టర్ సాస్ తీసేసి, పచ్చిమిర్చి, వెల్లుల్లి ఎక్కువ వేసి, రెడ్ చిల్లీ సాస్, చివర్లో అర స్పూన్ వెనిగర్ వేయండి. రెండూ కలపకండి, ఏదీ కాకుండా పోతుంది.

వండేటప్పుడు ఫ్యాన్ ఆపి, కిటికీ తెరవండి. బాణలి పొగలు వచ్చేదాకా కాలాక నూనె వేసి, ఒక వాయి మాంసం పరిచి, 30 సెకన్లు కదపకుండా వదిలేయండి. రంగు వచ్చాక తిప్పి, ఇంకో అర నిమిషంలో తీసేయండి. మళ్ళీ నూనె, వెల్లుల్లి, గట్టి కూరగాయలు ఒక నిమిషం, తర్వాత నూడుల్స్. సాస్‌ను నూడుల్స్ మీద కాకుండా బాణలి అంచు వెంట పోయండి, కాలిన ఇనుముకు తగిలి సుర్రుమంటుంది. హోటల్లో మంట మీద ఎగరేసినప్పుడు వచ్చే ఆ పొగ వాసనకు ఇంట్లో మనకు దొరికే దగ్గరి దారి ఇదే. మాంసం, ఉల్లికాడలు వేసి రెండుసార్లు తిప్పి దించేయండి.

పొయ్యి మరీ బలహీనమా? ఇండక్షన్ స్టవ్ ఒక్కటే ఉందా? అప్పుడు వేయించే పంతం వదిలేసి, బర్మా బజార్ దగ్గర బండ్ల మీద అమ్మే అత్తో చేసుకోండి. 1960ల్లో బర్మా నుంచి తిరిగొచ్చినవాళ్ళు తెచ్చిన వంట అది. ఉడికిన నూడుల్స్‌లో క్యాబేజీ, వేయించిన ఉల్లి, చింతపండు పులుసు, ఎండుమిర్చి పొడి చేత్తో కలుపుతారు. మంటతో పనే లేదు, వేయించిన మాంసం పైన వేసుకోవచ్చు కూడా.

మిగిలితే మైక్రోవేవ్‌లో పెట్టకండి, మాంసం మళ్ళీ గట్టిపడుతుంది. బాణలిలో కాసిని నీళ్ళు చిలకరించి, మూతపెట్టి నిమిషం వేడిచేస్తే చాలు.