కమానుకు టేపు కడితే వయొలిన్ మాట్లాడుతుందా?

ప్రశ్న: అమెరికా కళాకారిణి లారీ ఆండర్సన్‌ను శిల్పి అంటారు, గాయని అంటారు. అసలామె ఎవరు?

జవాబు: మమ్మల్నడిగితే శిల్పి. 1972లో కొలంబియా యూనివర్సిటీలో శిల్పంలో ఎం.ఎఫ్.ఏ. (లలితకళల్లో పీజీ) చేశారు. 1974, 75ల్లో వీధుల్లో వయొలిన్ వాయిస్తూ మంచుదిమ్మల్లో గడ్డకట్టించిన స్కేట్ల (మంచు మీద జారే బూట్ల) మీద నిలబడేవారు. మంచు కరిగి కాళ్లు నిలవకపోతే కచేరీ అయిపోయినట్టే! 1981లో ఆమె పాట 'ఓ సూపర్‌మ్యాన్' బ్రిటన్ చార్టులో రెండో స్థానానికి చేరింది. ఆ తర్వాత నాసాలో కొంతకాలం ఆస్థాన కళాకారిణి, 2015లో ఒక సినిమా. అయినా ఆ మంచుదిమ్మల కచేరీలో చూడండి, వస్తువే కాలాన్ని కొలుస్తుంది. అందుకే శిల్పి అన్నాం.

ప్రశ్న: ఆమె వయొలిన్‌లోంచి మనిషి గొంతు వస్తుంది. అలాంటిది ఇంట్లో చేసుకోగలమా?

జవాబు: చేసుకోవచ్చు. 1977 నాటి ఆ వాయిద్యంలో కమానుకు గుర్రపు వెంట్రుకల బదులు రికార్డు చేసిన టేపు, తీగలను మోసే బ్రిడ్జి దగ్గర టేపు మీది ధ్వనిని చదివే టేప్ రికార్డర్ హెడ్ ఉంటాయి. కమాను లాగితే టేపు హెడ్‌ను రాసుకుంటూ పోతుంది, మాట పలుకుతుంది. పాత వయొలిన్, కమాను, మూలపడ్డ స్పూల్ రికార్డర్ (చక్రాలకు చుట్టిన టేపుతో నడిచేది) దొరికితే చాలు.

కమాను మీద పట్టే టేపు దాదాపు 65 సెం.మీ. సెకనుకు 19 సెం.మీ. వేగంతో రికార్డు చేస్తే మూడున్నర సెకన్లకు కాస్త తక్కువే పడుతుంది, అంటే ఒక చిన్న వాక్యం. క్యాసెట్ వేగం 4.76 సెం.మీ. కాబట్టి పదమూడున్నర సెకన్లకు పైనే పడుతుంది గానీ, అంత నెమ్మదిగా లాగితే చెయ్యి వణుకుతుంది, గొంతూ వణుకుతుంది.

అయస్కాంత పూత ఉన్న వైపే హెడ్‌కు తగలాలి. తిరగేసి కడితే పక్కింట్లో ఎవరో గొణిగినట్టుంటుంది. హెడ్‌లోని సన్నటి చీలిక టేపుకు సరిగ్గా అడ్డంగా ఉండాలి, కమాను కాస్త వాలినా ముందు పోయేవి స, శ ధ్వనులే. కమాను చివర ఉండే మర మరీ బిగిస్తే టేపు సాగిపోతుంది, ఇక దాన్ని పారేయడమే.

హెడ్‌ను నేరుగా గిటార్ యాంప్లిఫైయర్‌కు కలపొద్దు. హెడ్ నుంచి వచ్చే సిగ్నల్ చాలా స్వల్పం, పైగా కీచు ధ్వనులకు ఎక్కువ, మంద్రానికి తక్కువ. అందుకే పీలగా వినిపిస్తుంది. ఆ రికార్డర్‌లో సిగ్నల్‌ను పెంచే ప్రీయాంప్ బోర్డునే ఊడదీసి వాడండి, అది ఈ తేడాను సరిచేస్తుంది. హెడ్‌కు షీల్డు వైరే (బయటి రొదను అడ్డుకునే తొడుగున్న వైరు) వాడాలి. ట్రాన్స్‌ఫార్మర్ దగ్గర్లో ఉంటే 'గుయ్'మనే రొద తప్పదు.

ప్రశ్న: 'వికటకవి' అని రికార్డు చేస్తే కమాను ఎటు లాగినా అదే వినిపిస్తుందా?

జవాబు: వినిపించదు! మనం తిప్పి చదివేది అక్షరాలను, టేపు తిప్పేది ధ్వనిని. 'వి'లో వ్ ముందు, ఇ తర్వాత. వెనక్కి తిరిగితే ఇ ముందొస్తుంది, మొత్తం 'ఇవకటకివ్' లాంటిదేదో అవుతుంది. 'అమ్మ' అని రికార్డు చేసి చూడండి, రెండు వైపులా దాదాపు ఒకేలా ఉంటుంది. చివరి అకారం మెల్లగా తగ్గించి పలికితే మాత్రం వెనక్కి లాగినప్పుడు మాట ఊపిరి పీల్చుకుంటూ మొదలైనట్టుంటుంది.