పద్దెనిమిదో రూలు: 200 దాటిపోతుంటే ముందు కలపడం ఆపండి

ప్రశ్న: "పాస్‌వర్డ్ గేమ్‌లో పద్దెనిమిదో రూలు దగ్గర ఇరుక్కుపోయాను. పాస్‌వర్డ్‌లో ఉన్న మూలకాల పరమాణు సంఖ్యలు కలిపితే 200 రావాలట. పీరియాడిక్ టేబుల్ పక్కన పెట్టుకుని సరిగ్గా 200 చేసినా ఒప్పుకోవడం లేదు. ఎవరైనా దాటారా?"

దాటాను. పైగా నేను బీకాం. టెన్త్ తర్వాత కెమిస్ట్రీ పుస్తకం ముట్టింది లేదు. అందుకే దాటగలిగానని నా గట్టి నమ్మకం. ఎంపీసీ, బైపీసీ చదివినవాళ్లు నా మీదికి రావచ్చు, రండి. జరిగింది చెప్తాను, విన్నాక మాట్లాడండి.

నేను తిరుపతిలో బస్టాండు దగ్గర ఒక లాడ్జిలో రాత్రి డ్యూటీ చేస్తాను. రిసెప్షనూ నేనే, క్యాషూ నేనే, వేణ్ణీళ్లు రాలేదని మూడో అంతస్తు నుంచి ఫోనొస్తే తిట్లు తినేదీ నేనే. ఘాట్ రోడ్డు మూసేశాక మళ్లీ తెరిచేదాకా కౌంటరు దగ్గర పెద్దగా పనుండదు. ఆ ఖాళీలో క్యాష్ క్లోజింగ్ రాసుకుంటాను. అది అయిపోతే సిస్టంలో ఏదో ఒక పజిల్ ఆడుకుంటాను. సినిమాలు పెడితే ఓనరుకి కోపం. పజిల్ అయితే దూరం నుంచి చూసేవాళ్లకి లెక్కలు రాస్తున్నట్టే ఉంటుంది.

ఆ రాత్రి మా అక్కావాళ్లు పుంగనూరు నుంచి వచ్చి మా లాడ్జిలోనే దిగారు. అలిపిరి నుంచి నడిచి కొండెక్కి, దర్శనం చేసుకుని కిందికొచ్చి, అందరూ పడి నిద్రపోయారు. 3,550 మెట్లు ఎక్కినా మా మేనల్లుడికి మాత్రం నిద్ర పట్టలేదు. ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. దుప్పటి భుజాన వేసుకుని కౌంటరు దగ్గరికొచ్చి నా పక్కన కూర్చున్నాడు. నేను పదకొండో రూలు దగ్గర వదిలేసిన ఆట వాడికిచ్చి, క్లోజింగ్ పుస్తకం ముందుకు లాక్కున్నాను. తెరిచి ఉన్నదాన్ని చెరిపేసి మొదటినుంచీ వాడే మొదలుపెట్టాడు.

ఆట తెలియనివాళ్లకి రెండు ముక్కలు. నీల్ అగర్వాల్ అనే ప్రోగ్రామర్ 2023 జూన్‌లో వదిలిన ఆట ఇది. పాస్‌వర్డ్ పెట్టుకోమంటుంది, అంతే. పెట్టగానే ఇంకో రూలు, అది కుదరగానే మరోటి, అలా 35 దాకా. కొత్త రూలు వస్తే పాతవి పోవు. అన్నీ ఒకేసారి నిలబడాలి. మజా అంతా అక్కడే ఉంది, ఏడుపూ అక్కడే ఉంది.

సరే. క్లోజింగ్‌లో నాకు మూడొందల తేడా వచ్చింది. అది పట్టుకునే పనిలో ఉండగా పక్కనుంచి కీబోర్డు మీద ఒక్కటి కొట్టాడు.

"మామా, ఈ గేమ్‌లో బగ్ ఉంది."

"ఏందిరా?"

"అటామిక్ నంబర్లు కలిపితే 200 రావాలంట. హీలియం ముందే ఉంది కదా, దానిది 2, ఇంకా 198 కావాల. ఐన్‌స్టీనియం 99. దాన్ని రెండుసార్లు పెట్టినా. కరెక్టుగా 200. అయినా ఎర్రగానే చూపిస్తా ఉంది."

చూడండి వాడి తెలివి. టేబుల్ చూడకుండా 99 ఎవరిదో చెప్పేశాడు. 118 మూలకాలూ వరసగా అప్పజెప్పగలడు, వెనకనుంచి కూడా. వాళ్ల కాలేజీలో పొద్దున అయిదుకు లేపి మరీ అప్పజెప్పించుకుంటారట. పేరు చెప్పను గానీ ఫీజు మాత్రం మా అక్క నగలకి తెలుసు.

నాకా, హీలియం అంటే బెలూన్లలో కొట్టేది అని తప్ప ఇంకేం తెలియదు. కానీ వాడి పాస్‌వర్డ్ చూడగానే నా కళ్లు రెండు చోట్ల ఆగాయి. తొమ్మిదో రూలు ఉంది కదా, రోమన్ అంకెలు గుణిస్తే 35 రావాలని. దానికి వీడు రోమన్ అయిదు ఒక చోట, రోమన్ ఏడు ఇంకో చోట పెట్టాడు. అయిదేడ్ల ముప్పై అయిదు, తప్పేం లేదు. నేను వేలు పెట్టి అడిగాను.

"ఒరే, ఈ కాపిటల్ వి ఏంది?"

"అది రోమన్ అయిదు మామా. తొమ్మిదో రూలుది. దీనికీ దానికీ సంబంధం లేదు."

"సంబంధం లేదని నీకు తెలుసు. గేముకి ఎవరు చెప్పినారు? వి అని ఏదైనా మూలకం ఉందా, లేదా?"

"వెనేడియం. 23."

"ఐ?"

"అయోడిన్, 53..." అని సగంలో ఆగిపోయి నా మొహం చూశాడు.

అక్కణ్ణుంచి నేనేం చెప్పక్కర్లేదు. అప్పజెప్పడం వాడికి అలవాటే కదా, ఒక్కో కాపిటల్ అక్షరం మీద వేలు పెట్టి వాడే చదివాడు, నేను క్లోజింగ్ పుస్తకం వెనక అట్ట మీద రాశాను. అయిదులో వి ఒకటి, ఏడులో వి ఒకటి, ఏడులోనే రెండు ఐలు. మొత్తం 152. నెల పేరు పెట్టాలన్న రూలుకి ఆగస్టు అని ఇంగ్లిషులో కాపిటల్‌తో మొదలుపెట్టాడు. ఏ-యు అంటే బంగారం, 79. స్పాన్సరు కంపెనీ పేరు ఒకటి ఉండాలన్న రూలుకి పెప్సీ, దాని మొదటి అక్షరం ఫాస్ఫరస్, 15. చెస్ బోర్డు చూపించి మంచి ఎత్తు రాయమనే రూలుకి గుర్రం ఎత్తు ఒకటి ఉంది, గుర్రానికి రాసే ఎన్ అంటే నైట్రోజన్, 7. హీలియం 2. ఐన్‌స్టీనియం జోలికి పోకముందే లెక్క 255 అయి కూర్చుంది. ఇక దానిమీద 198 వేస్తే గేమ్ ఎర్రగా కాక పచ్చగా ఎట్లా చూపిస్తుంది?

కాబట్టి మీ ప్రశ్నకి అసలు జవాబు ఇదే. మీరు మూలకం అనుకుని టైపు చేసినవి మాత్రమే మీరు కూడుతున్నారు. గేమ్ మీ మనసులో ఏముందో చూడదు. ఎక్కడ కాపిటల్ అక్షరం కనిపించినా అది మూలకం గుర్తు అవుతుందా అని చూస్తుంది. పక్కనున్న చిన్న అక్షరంతో జత కుదిరితే జతగా, లేకపోతే ఒంటిగా. మొత్తం 200 దాటిందంటే ఏం కలపాలని వెతక్కండి. కలిపి తగ్గించే మూలకం ఏ టేబుల్లోనూ లేదు.

మేం ఎలా తగ్గించామంటే, ముందు 35ని విడగొట్టడం మానేశాం. మూడు ఎక్స్‌లు, ఒక వి కలిపి ఒకే రోమన్ అంకెగా రాస్తే అదే 35. ఎక్స్ ఒంటరిగా ఏ మూలకమూ కాదు, ఖర్చు ఒక్క వి, అంటే 23. ఒక్క దెబ్బకి 129 తగ్గింది. ఆగస్టు, పెప్సీ అన్నీ చిన్న అక్షరాల్లోకి మార్చాం. ఈ రూళ్లకి అక్షరాలు చిన్నవైనా పెద్దవైనా ఒకటే. కాపిటల్ ఒకటైనా ఉండాలన్న మూడో రూలుకి హీలియం హెచ్ సరిపోతుంది. అంతా పోగా మిగిలింది 32. ఇంకా కావలసింది 168. వాడు ఒక్క క్షణం కళ్లు మూసుకుని "పోలోనియం 84, రెండు వేద్దాం మామా" అన్నాడు. పీ-ఓ, పీ-ఓ. పోపో అని చదువుకుని ఇద్దరం నవ్వాం, రూలు పచ్చబడింది.

నెలల పేర్లలో ఇంకా ఘోరాలు ఉన్నాయి. నవంబరు కాపిటల్‌తో మొదలుపెడితే నొబీలియం, 102, సగం బడ్జెట్ అక్కడే ఖాళీ. మేకీ, మార్చికీ ముందు కాపిటల్ ఎం పెడితే అది మూలకం కాదు గానీ రోమన్‌లో వెయ్యి, తొమ్మిదో రూలు కూలిపోతుంది. డిసెంబరు డి అయితే అయిదొందలు. నెల పేరు ఎప్పుడూ చిన్న అక్షరాల్లోనే పెట్టండి, అందులోనూ మే పెట్టండి, మూడక్షరాలతో పోతుంది. దేశం పేరు కనుక్కోమనే రూలు దగ్గరా అంతే. ఇండియాకి కాపిటల్ పెట్టారంటే ఇండియం 49 వచ్చి పడుతుంది. థాయ్‌లాండ్ అయితే థోరియం, 90. దేశభక్తి, భూగోళం ఇక్కడ పనికిరావు.

మీ చేతిలో లేనిది చెస్ ఎత్తు ఒక్కటే. దాన్ని చిన్న అక్షరాల్లోకి మార్చుకోలేరు. బంటు కదిలితే అదృష్టం, కాపిటల్ ఉండదు. రాణికి రాసే క్యూ ఏ మూలకమూ కాదు. రాజుకి రాసే కె పొటాషియం, 19. ఏనుగు వచ్చిందా, అది పోయే గడిని బట్టి మీ తలరాత. హెచ్ గడికి పోతే రోడియం 45, ఇ అయితే రీనియం 75, జి అయితే రెంట్‌గెనియం 111. డి గడికి పోతే ఏమీ లేదు. మా మేనల్లుడు చెప్తూ పోతుంటే నేను రాసుకున్నవి ఇవి. వాడి బుర్రలో అవన్నీ ఉన్నాయి, అదే నా బాధ. అన్నీ ఉన్నాయి, ఎదురుగా ఉన్న వి ఒక్కటి కనపళ్లేదు.

ఎందుకు కనపళ్లేదో నాకు తెలుసు. వాళ్లకి ప్రశ్నంటే నాలుగు ఆప్షన్లు, ఒక నిమిషం టైము. కావలసిన అంకెలన్నీ ప్రశ్నలోనే ఉంటాయి. లెక్కలోకి ఇంకేమైనా దూరిందా అని చూసే పని వాళ్లకి ఎవరూ పెట్టలేదు. మాకు రోజూ అదే పని. క్లోజింగ్‌లో తేడా వస్తే కొత్త ఎంట్రీ వేసి సరిచేసేవాడు పది రోజుల్లో దొరికిపోతాడు. పుస్తకంలో ముందే ఉన్న వరసలన్నీ పైనుంచి మళ్లీ చదవాలి. ఆ రాత్రి నా మూడొందలు కూడా అట్లాగే దొరికాయి. ఒక రూములో ఎక్స్‌ట్రా బెడ్ డబ్బు అద్దెలో కలిపి ఉంది, పగటి డ్యూటీ అబ్బాయి మళ్లీ విడిగా ఒక వరస వేశాడు. వెనేడియం కథే. అందుకే చెప్తున్నా, ఈ ఆటలో కామర్స్ వాళ్లకీ సైన్సు వాళ్లకీ పోటీ పెడితే కామర్స్ వాళ్లే ముందు దాటుతారు. నాకేం సందేహం లేదు.

ఇంకో మాట, ఈ ఆట జోకు అనుకుంటున్నారు చాలామంది. నాకు జోకులా అనిపించలేదు. మా లాడ్జి బుకింగ్ సాఫ్ట్‌వేర్ నెలకోసారి పాస్‌వర్డ్ మార్చమంటుంది. కాపిటల్ ఉండాలి, అంకె ఉండాలి, గుర్తు ఉండాలి, పాతది మళ్లీ రాకూడదు. దాని ఫలితం ఏంటో చెప్పనా? కొత్త పాస్‌వర్డ్ చీటీ మీద రాసి మానిటరు కింద అంటించి ఉంటుంది. రూము తాళం అడగడానికొచ్చిన ప్రతివాడికీ కనపడుతుంది. అమెరికాలో ప్రమాణాలు చూసే నిస్ట్ అనే సంస్థ 2017లోనే చెప్పింది, కారణం లేకుండా గడువు పెట్టి పాస్‌వర్డ్ మార్పించొద్దు, ఇన్ని రకాల అక్షరాలు ఉండాలని పట్టుబట్టొద్దు అని. మా సాఫ్ట్‌వేర్ అబ్బాయికి ఆ సంగతి చెప్తే, "అది సెక్యూరిటీ కోసం సార్" అన్నాడు. చీటీ చూపించాను. చీటీ కనపడకుండా పెట్టుకోమన్నాడు.

సరే, మీ సంగతికొద్దాం. పద్దెనిమిది దాటాక గెలిచేశామని అనుకోకండి. ఇరవయ్యోది రాగానే పాస్‌వర్డ్‌కి నిప్పంటుకుంటుంది. మంట గుర్తులు గబగబా చెరపాలి, ముందు రూలొకటి పాస్‌వర్డ్‌లో పెట్టించిన కోడిగుడ్డు బొమ్మ కాలిపోతే ఆట అయిపోయినట్టే. మా వాడు దాన్ని కాపాడుకున్న తీరు చూస్తే వాళ్లమ్మ సంతోషించేది. మంటలో పోయిన అక్షరాలు మళ్లీ టైపు చేసేటప్పుడు కంగారులో కాపిటల్ పడిందంటే 200 మళ్లీ పోతుంది, చూసుకోండి.

అసలు ప్రమాదం ఇరవై నాలుగోది. ఫలానా నిడివి ఉన్న యూట్యూబ్ వీడియో లింకు పెట్టమంటుంది. లింకు చివర పదకొండు అక్షరాల ఐడీ ఉంటుంది కదా, అందులో కాపిటల్స్, అంకెలు ఎట్లా పడితే అట్లా వస్తాయి. అంకెలన్నీ కూడితే 25 రావాలన్న అయిదో రూలుని ఆ అంకెలు కదిలిస్తాయి, మొత్తం 25 దాటించేస్తాయి. కాపిటల్స్ మన 200ని కదిలిస్తాయి. అందుకే పోలోనియం రెండూ, ఐడీ అంకెల కోసం ఒక 9 లాంటి పెద్ద అంకె, పాస్‌వర్డ్‌లో ఒక పక్కన విడిగా పెట్టుకోండి. వేటితోనూ ముడి పడనివి, ఎప్పుడంటే అప్పుడు తీసి మార్చుకోగలిగేవి. ఐడీలో ఒక కె వచ్చి 19 పెరిగిందనుకోండి, రెండో పోలోనియం తీసేసి టెర్బియం పెడితే 65, లెక్క సరి. ఐ ఒక్కటే ఒంటరిగా వస్తే రోమన్ గుణకారానికి నష్టం లేదు, ఒకటితో గుణించినట్టే, 53 మాత్రం తగ్గించుకోవాలి. ఐడీలో కాపిటల్ వి, ఎక్స్, ఎల్, సి, డి, ఎం వీటిలో ఏది కనపడినా ఆ వీడియోతో కుస్తీ పట్టకండి. ఒకే అంకెగా రాసిన మన 35 ఉండగా తొమ్మిదో రూలు నిలవదు. అదే నిడివితో ఇంకోటి వెతుక్కోండి.