మొదటి ట్రెక్ అయితే దారిలో ఊళ్లుండాలి

ప్రశ్న: నాకు 46 ఏళ్లు, ఎప్పుడూ ట్రెక్కింగ్ చేయలేదు. నాలుగైదు రోజుల్లో ముగిసే హిమాలయ ట్రెక్ ఏదైనా చెబుతారా? ఎంత ఫిట్‌నెస్ ఉండాలి? గైడ్ తప్పనిసరా? ఎలాంటి బూట్లు కొనాలి?

ఉత్తరాఖండ్‌లో హర్ కీ దూన్ అనే లోయ ఉంది, ఆ దారి పట్టండి. కానీ హర్ కీ దూన్ దాకా వెళ్లకండి. మధ్యలో ఓస్లా అనే ఊరుంటుంది, అక్కడ ఆగిపోండి. వేళాకోళానికి అనట్లేదు, నేను చేసింది అదే. కావాలని చేయలేదు లెండి, మోకాలు చేయించింది.

2019 మేలో వెళ్లాను. అప్పటికి నాకు 49. మాది మదనపల్లె దగ్గర పల్లెటూరు, ఉద్యోగం హైదరాబాద్‌లో, పొద్దస్తమానం కుర్చీలోనే. ఆఫీసు కుర్రాళ్లు ప్లాన్ వేస్తుంటే నోరు జారి ‘నేనూ వస్తా’ అన్నాను. నెల రోజులు కేబీఆర్ పార్కులో నడిచి, చాల్లే అనుకున్నాను. చాలదు. ఎక్కడానికి ఊపిరి కావాలి, దిగడానికి మోకాళ్లు కావాలి. ఊపిరి గురించి అందరూ చెబుతారు, మోకాళ్ల ఊసు ఎవరూ ఎత్తరు. మీ అపార్ట్‌మెంట్‌లో లిఫ్టు ఉంటే రెండు నెలలు దాని మొహం చూడకండి. ఎక్కడం కన్నా దిగడం ఎక్కువ ప్రాక్టీసు చేయండి. ఫిట్‌నెస్ గురించి నాకు తెలిసింది ఇంతే, ఇంతకన్నా అక్కర్లేదు కూడా.

డెహ్రాడూన్ నుంచి, ఈ ట్రెక్‌కి బయల్దేరే ఊరు సాంక్రీ దాదాపు 200 కిలోమీటర్లు. ముస్సోరీ, పురోలా, మోరీ మీదుగా జీపులో మాకు పది గంటలు పట్టింది. దారిలో నైట్వాడ్ అని ఒక చిన్న ఊరు. అక్కడ రూపిన్, సూపిన్ అనే రెండు ఏర్లు కలిసి టోన్స్ నది అవుతాయి. ఈ టోన్స్ కిందికి పోయి యమునలో కలుస్తుంది. కలిసే చోట యమునలో కన్నా ఇందులోనే నీళ్లెక్కువ, పేరు మాత్రం యమునది. మా ఆఫీసులోనూ ఇంతే. అదే నైట్వాడ్‌లో పోఖూ దేవత గుడి ఉంది. న్యాయం చెప్పే దేవుడు, మహా కోపిష్టి, అందుకని ఆయనకు వీపు పెట్టి పూజ చేస్తారు. తిరుమలలో స్వామికి వీపు చూపకూడదని వెనక్కి వెనక్కి నడుస్తూ బయటికొచ్చిన వాణ్ని, అది వినగానే ఇది వేరే రాజ్యం అని అర్థమైంది.

సాంక్రీ నుంచి తాలుకా దాకా మళ్లీ జీపు. ఆ పదకొండు పన్నెండు కిలోమీటర్ల రోడ్డు గురించి మాట్లాడుకోకపోవడమే మంచిది. తాలుకా నుంచి నడక, సూపిన్ ఒడ్డున, దేవదారు చెట్ల కింద. మొదటి గంటలోనే నాకు దేహశుద్ధి జరిగింది. నేను రెండు చేతుల్లో రెండు కర్రలు పట్టుకుని, మూడు వేలు పోసి కొన్నవి, ఎగశ్వాస పీలుస్తూ ఎక్కుతున్నాను. వెనక నుంచి అరవై దాటిన ఒక పెద్దాయన వచ్చాడు. ఉన్ని కోటు, కాళ్లకు ప్లాస్టిక్ బూట్లు. చంకలో ఉన్ని ఉండ, చేతిలో తకిలీ. నడుస్తూ నూలు వడుకుతున్నాడు! తకిలీ గిర్రున తిరుగుతోంది, ఆయన చూపు దాని మీదే, కాళ్లు వాటి దారిన అవి పోతున్నాయి. ‘నమస్తే’ అని నన్ను దాటి వెళ్లిపోయాడు. మలుపు తిరిగేలోపు ఒక జానెడు నూలు వడికి ఉంటాడు.

ఇక్కడ కొంచెం కడుపు మంట వెళ్లగక్కుకోవాలి. మేం వెళ్లింది ఒక కంపెనీ ద్వారా, 18 మంది బ్యాచ్. పొద్దున ఆరున్నరకి విజిల్. ఏడుకి ఉప్మా అని వాళ్లు పిలిచే పదార్థం. ‘పది నిమిషాలు బ్రేక్, పిక్స్ తీసుకోండి’ అని ఆర్డరు. గంగాడ్ అనే ఊరి పక్క నుంచి పోయాం. రాయీ కలపా వరస మార్చి వరస పేర్చిన ఇళ్లు, భూకంపం వస్తే ఊగి నిలబడేలా కడతారు అలా. ఆ ఇళ్లను నది ఇవతలి ఒడ్డు నుంచి ఫోన్లో జూమ్ చేసి చూసి, నడిచాం. అంత దూరం పోయి ఊరిని జూమ్‌లో చూడటమేమిటండీ? ఒకడైతే భుజానికి స్పీకర్ తగిలించుకుని దారి పొడుగునా పాటలు. నది హోరు వినడానికి రెండు వేల కిలోమీటర్లు వచ్చి, దాని మీద డీజే.

రెండో రోజు సాయంత్రానికి సీమా క్యాంపు చేరేసరికి కుడి మోకాలు కొబ్బరికాయంత అయింది. ఓస్లా సరిగ్గా నదికి అవతల, గట్టు మీద. రేపు హర్ కీ దూన్, 3,500 మీటర్ల ఎత్తు, ఎదురుగా స్వర్గారోహిణి శిఖరం, 6,252 మీటర్లు. పాండవులు స్వర్గానికి ఎక్కిన దారి ఇదేనని అక్కడి వాళ్ల నమ్మకం. భారతంలో మొదట ద్రౌపది పడిపోతుంది, తర్వాత సహదేవుడు, నకులుడు, అర్జునుడు, భీముడు. చివరికి ధర్మరాజు, కుక్క మిగులుతారు. మా బ్యాచ్‌లో మొదట పడింది నేను. చివరిదాకా పోయింది బెంగళూరు కుర్రాడొకడు, బిస్కెట్ల కోసం వాడి వెంట క్యాంపు కుక్క. కథ మారలేదు.

లీడర్ నన్ను ఓస్లాలో ఒకరింట్లో దించి, తోడుగా అసిస్టెంట్ గైడ్‌ని వదిలి, మిగతా వాళ్లను తీసుకుని పోయాడు. ఆ కుర్రాడిది ఉత్తరకాశీ వైపు ఊరు, ఓస్లా వాళ్ల భాష కూడా వచ్చు. రెండు రాత్రులు ఉన్నాను. నా ట్రెక్ అంటే ఆ రెండు రోజులే.

మొదట తప్పు చేశాను. ఓస్లాలో దుర్యోధనుడి గుడి ఉందని ఎక్కడో చదివి పోయాను. ఎన్టీఆర్ దుర్యోధనుడి వేషం చూసి పెరిగిన వాళ్లం, ఉత్సాహం ఆగుతుందా? గుడి ముందు నిలబడి, ‘మా దగ్గర కూడా దుర్యోధనుడంటే చాలా అభిమానం’ అన్నాను, నాకొచ్చిన హిందీలో. అక్కడ కూర్చున్న ఇద్దరు మొహాలు తిప్పుకున్నారు. గైడ్ నన్ను పక్కకు లాగి, ‘సార్, ఇది సోమేశ్వర్ మహారాజ్ గుడి. బయటివాళ్లొచ్చి దుర్యోధనుడు, దుర్యోధనుడు అంటే వీళ్లకి ఒళ్లు మండుతుంది’ అన్నాడు. సోమేశ్వరుడు ఈ లోయలో చాలా ఊళ్లకు ఉమ్మడి దేవుడు, పల్లకిలో ఊరూరా తిరుగుతాడు. మీరు వెళ్తే నోరు అదుపులో పెట్టుకోండి. గుడి గుమ్మం మీది చెక్కడం మాత్రం తీరిగ్గా చూడండి.

మర్నాడు పొద్దున కాలు కొంచెం మెత్తబడితే, ఊరి కిందున్న ఘరాట్ దగ్గరికి తీసుకెళ్లాడు. ఘరాట్ అంటే నీళ్లతో తిరిగే పిండి మర. ట్రెక్ దారిలో పౌనీ గరాట్ అనే క్యాంపు ఉంటుంది, అందరూ అక్కడ గుడారాలేసి ఫొటోలు పెడతారు, ఆ పేరులోని గరాట్ అంటే ఇదేనని ఎంతమందికి తెలుసో మరి. చిన్న రాతి గుడిసె. వాగు నీళ్లను చెక్క దోనెలోంచి ఏటవాలుగా దూకిస్తే గుడిసె కింద అడ్డంగా ఉన్న చక్రం తిరుగుతుంది. దాని ఇరుసు నేలలోంచి పైకొచ్చి పై రాయిని తిప్పుతుంది. మన విసుర్రాయే, ఒడ్డూ పొడుగూ ఎక్కువ, అంతే. రాయి మీద గింజల బుట్ట వేలాడుతుంటుంది. బుట్ట మూతికి ఒక చిన్న పుల్ల కట్టి ఉంటుంది, దాని కొస తిరిగే రాయి మీద ఆనుతుంది. రాయి తిరుగుతుంటే పుల్ల టకటకటక ఎగురుతుంది. ఆ కుదుపుకి బుట్టలోంచి నాలుగేసి గింజలు రాయి నడిమి బెజ్జంలో రాలతాయి. నీళ్లెక్కువై రాయి జోరందుకుంటే పుల్ల ఇంకా ఎగురుతుంది, గింజలూ ఇంకా పడతాయి. నీళ్లు తగ్గితే అన్నీ తగ్గుతాయి. పుల్లండీ, ఒక్క పుల్ల! ఇరవై ఏళ్లుగా సాఫ్ట్‌వేర్‌లో ఫీడ్‌బ్యాక్ అని స్లైడ్లు చేస్తున్నాను, ఒక్క స్లైడ్ కూడా ఇంత తేటగా లేదు.

రాయి అంచు నుంచి రాలుతున్న పిండి నల్లగా ఉంది. వేలితో తీసి నోట్లో వేసుకున్నాను. రాగులు! వాళ్లు మండువా అంటారు. అంత చలి కొండల్లో మా సీమ రాగులు కనబడేసరికి గైడ్‌కి సంగటి గురించి చెప్పడం మొదలుపెట్టాను, ఉడకబెట్టడం, కెలకడం, ముద్ద చేయడం, అన్నీ చేతులతో అభినయించి. వాడు మధ్యలోనే, ‘బాడీ! సార్, దాన్ని మా అమ్మ బాడీ అంటుంది’ అన్నాడు. దాంతో ఏం తింటారంటే గహత్ పులుసట. గహత్ అంటే ఏమిటో తెలుసా? ఉలవలు. సంగటీ ఉలవచారూ మన సొత్తని ఇన్నాళ్లూ మీసం మెలేసుకుని తిరిగాను. ఆ రాత్రి వాడే వండిపెట్టాడు. ఉండలు కట్టింది, ఉప్పు చాల్లేదు, అయినా రెండు ముద్దలు తిన్నాను.

మరలో పిండి పట్టించుకోవడానికి వచ్చిన ముసలామె ఒకరున్నారు. గైడ్ ఏం చెప్పాడో, నా దగ్గర మందుందని ఆమెకు తెలిసింది. తన కుడి మోకాలు తట్టి చూపించింది. నేను నా కుడి మోకాలు తట్టి చూపించాను. సంచిలోంచి నొప్పుల ఆయింట్‌మెంట్ ట్యూబు తీసిచ్చాను. (మాత్రలు మాత్రం పంచకండి. ట్రెక్కర్లు పేరూ మోతాదూ చెప్పకుండా యాంటీబయాటిక్స్ ఇచ్చి పోతున్నారు, పిల్లలకు చాక్లెట్లు అలవాటు చేసినట్టే. ఊళ్లో అడుగు పెడితే ‘టాఫీ, టాఫీ’ అని వెంటపడేలా చేసింది మనమే.) ఆమె ట్యూబు వాసన చూసి, వంగి నా వాపుని రెండు వేళ్లతో నొక్కింది. నేను కెవ్వుమన్నాను. ఆమె పకపకా నవ్వి ఏదో అంది. గైడ్ చెప్పడానికి సందేహించాడు. చెప్పమన్నాను.

‘మోకాలు నొప్పి పెట్టుకుని ఇంత దూరం ఎందుకొచ్చావు, ఇంటి దగ్గర పనేమీ లేదా అంటోంది సార్.’

నా దగ్గర జవాబు లేదు, ఇప్పటికీ లేదు. ఆమె లోపలికి వెళ్లి, పట్టించినందుకు కూలిగా రెండు దోసిళ్ల పిండి మర మనిషికి కొలిచిచ్చింది, డబ్బు కాదు, పిండే. మిగతాది మూట కట్టి వీపున వేసుకుని గట్టెక్కడం మొదలుపెట్టింది. ఇరవై కిలోలు ఉంటుంది. నేను చేతులూపుకుంటూ వెనకే బయల్దేరాను. ఊరు చేరేసరికి ఆమె ఇంటి కప్పు మీంచి పొగ వస్తోంది.

ఆ సాయంత్రం మా వాళ్లు పైనుంచి దిగొచ్చారు. వాళ్ల దగ్గర స్వర్గారోహిణి ఫొటోలు నాలుగొందలున్నాయి. ఏడుపొచ్చిందా అంటే, కొంచెం వచ్చింది. రెండు రోజుల తర్వాత పోయింది.

అందుకే చెబుతున్నాను, మొదటిసారి వెళ్లేవాళ్లు దారిలో ఊళ్లున్న ట్రెక్కే ఎంచుకోవాలి. మంచు దారిలో మధ్యలో ఆగిపోతే ఫెయిలైనట్టు, ఊళ్ల దారిలో ఎక్కడ ఆగినా ఎక్కడికో ఒకచోటికి చేరినట్టే. గైడ్ తప్పనిసరి, అందులో వాదన లేదు. కాకపోతే కంపెనీ బ్యాచ్ వద్దు. సాంక్రీలో గానీ ఆ ఊళ్లలో గానీ స్థానిక గైడ్‌ని మాట్లాడుకోండి, గుడారాలు మానేసి ఇళ్లలో ఉండండి. మీ నడకని బట్టి ఆయన నడుస్తాడు, మీరు విజిల్‌ని బట్టి కాదు. గైడ్ లేకపోతే నేను ఇప్పటికీ దుర్యోధనుడి గుడి చూసొచ్చానని చెప్పుకుంటూ తిరిగేవాణ్ని. పెద్ద కంపెనీలే సేఫ్ అని కింద ఎవరో కామెంట్ పెడతారు, నాకు తెలుసు. పెట్టుకోనివ్వండి.

బూట్ల సంగతి మరిచేపోయాను. చీలమండ కప్పేవి, మీ సైజు కన్నా ఒక నంబరు పెద్దవి కొనండి, మందపాటి సాక్సు వేసుకుని. కొత్తవి కొండ మీదే మొదటిసారి తొడగకండి, కనీసం పదిహేను రోజులు ఇంటి చుట్టుపక్కల తిరగండి. బయల్దేరే ముందు కాలిగోళ్లు పొట్టిగా కత్తిరించుకోండి. దిగేటప్పుడు వేళ్లు వెళ్లి బూటు ముక్కుకి గుద్దుకుంటాయి. నేను కత్తిరించుకోలేదు. ఎడమ బొటనవేలి గోరు తాలుకా దగ్గర నల్లబడింది, దసరాకి ఊడింది.