వినపడని అమ్మాయి కలలు ఎలా చెక్కుతుంది?

పుట్టుకతో వినపడని, కలలు చెక్కి అమ్మే అమ్మాయి ఫాంటసీ కథను బొబ్బిలిలో పెట్టొచ్చా అని అడిగారు. తప్పకుండా పెట్టండి. దగ్గర్లోని గొల్లపల్లిలో వీణను ఒకే పనస దుంగలోంచి తొలుస్తారు. ఆ పనిలో మీ కథలోని అమ్మాయికి అరచెయ్యే ఆధారం. చెక్క ఎంత పలచబడిందో వేళ్లకు తగిలే అదురు చెబుతుంది. కలను కూడా అలాగే తొలవనివ్వండి. పుట్టు బధిరుల్లో చాలామంది తమ కలల్లో మనుషులు సైగలతో మాట్లాడతారని చెబుతారు. అందుకని ఆమె దగ్గర కల కొన్నవాళ్లకి చనిపోయిన అమ్మ గొంతు వినపడదు, అమ్మ చేతులు కనపడతాయి. నాకైతే కథ ప్రాణమంతా అక్కడే ఉందనిపిస్తోంది. ఒక్కటే మనవి: చివర్లో ఆమెకు వినికిడి తెప్పించకండి. దాని బదులు పక్కింటి వదిన సైగలు నేర్చుకుంటున్నట్టు రాయండి.