ప్రిన్సిపాల్ ఎంపికలో వీసీ నామినీలు లేరు, కేసు నిలుస్తుందా?

మీరు ఇంటర్వ్యూకి వెళ్లిన కాలేజీ ప్రిన్సిపాల్ ఎంపిక కమిటీలో వైస్ ఛాన్సలర్ (వీసీ) తరఫు సభ్యులు లేరని, ఆ నియామకాన్ని కోర్టులో సవాలు చేయవచ్చా అని అడిగారు. మీ కేసుకు అడ్డం కమిటీ లోపం కాదండి, మీరు అభ్యంతరం చెప్పకుండా ఇంటర్వ్యూకి కూర్చోవడం. ఫలితం వచ్చాక కమిటీని తప్పుపడితే కోర్టులు సాధారణంగా వినవు (మదన్‌లాల్ కేసు, 1995).

అయితే దారి మూసుకుపోలేదు. పాల్గొన్నంత మాత్రాన చట్టవిరుద్ధతను ఒప్పుకున్నట్టు కాదని 2019లో మీతా సహాయ్ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. లోపం మీకు ఎప్పుడు తెలిసిందో కాగితంతో చూపించాలి. చాలామంది వదిలేసేది ఇదే.

1. ఈ వారమే సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి, కాలేజీకి కాదు, యూనివర్సిటీకి. వీసీ నామినీలను పంపిన లేఖ, కమిటీ నిపుణులను ఎంచుకోవాల్సిన ఆరుగురి ప్యానెల్‌కు యూనివర్సిటీ ఆమోదం, కమిటీ మినిట్స్ (సమావేశ నమోదు), స్కోరు షీట్ అడగండి. గడువు 30 రోజులు.

2. మినిట్స్‌లో సంతకాలు లెక్కపెట్టండి. 2018 యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్ (యూజీసీ) నిబంధనల ప్రకారం కోరం, అంటే కనీస హాజరు, అయిదుగురు, అందులో ఇద్దరు నిపుణులు ఉండాలి. సంతకాల కింద తేదీలూ చూడండి. ఎంపిక పని, మినిట్స్‌తో సహా, సమావేశం రోజే, లేదా సమావేశం చివరి రోజే పూర్తవాలి.

3. మీ యూనివర్సిటీకి ఆ నిబంధనలు వర్తింపజేసిన ఉత్తర్వును కోర్టు పిటిషన్‌కు జతచేయండి.

4. రాజ్యాంగం 226 అధికరణం కింద హైకోర్టులో వేసే రిట్ పిటిషన్‌లో నియామకంతో పాటు యూనివర్సిటీ ఆమోద ఉత్తర్వునూ సవాలు చేయండి. ఎంపికైన వ్యక్తిని ప్రతివాదిగా చేర్చండి. ఆయన్ని వదిలేస్తే, పాపం, మంచి కేసు కూడా అక్కడే ఆగిపోతుంది.

సమాచార హక్కు సమాధానం రాగానే ఆలస్యం చేయకుండా రిట్ వేయండి. జాప్యమే రిట్‌ను కొట్టేయడానికి కారణం కావచ్చు.