గోల్డ్‌వాటర్ గురించి రాస్తున్న అమ్మాయికి

అమ్మాయ్, ఆశీస్సులు.

నీ వ్యాసం అందింది. అమెరికాలో అరిజోనా రాష్ట్రంలోని ఫీనిక్స్ ఎయిర్‌పోర్టులో నాలుగో టెర్మినల్‌కి ఎవరి పేరు పెట్టారో చూడమని మీ అన్నయ్య చెప్పడం, నువ్వు తవ్వుకుంటూ పోవడం, అది ఇరవై పేజీలవడం చూస్తే ముచ్చటేసింది. రెండుసార్లు చదివాను. మొదటిసారి నచ్చింది. రెండోసారి మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయాను.

"బారీ గోల్డ్‌వాటర్ అమెరికాకు చెందిన సుప్రసిద్ధ సంప్రదాయవాద సెనేటర్." సంప్రదాయవాది అనగానే మన పాఠకుడికి ఎవరు కనపడతారో చెప్పు. మడి కట్టుకుని, ముహూర్తం చూసుకుని గడప దాటే పెద్దమనిషి. నీ గోల్డ్‌వాటర్ ఆ బాపతు కాదు కదా. విమానాలు నడిపాడు, రాత్రిళ్లు హామ్ రేడియో (సరదాకి ఇంట్లో పెట్టుకుని దూరదేశాలవాళ్లతో మాట్లాడే రేడియో) ముందు కూర్చున్నాడు, పాస్టర్లు రాజకీయాల్లో వేలు పెడితే నోటికొచ్చినట్టు తిట్టాడు. ఆయన కన్సర్వేటివ్ అన్నది వాషింగ్టన్ ప్రభుత్వం చిన్నదిగా ఉండాలి, పన్నులు తగ్గాలి, మనిషి జోలికి రాకూడదు అనే లెక్కలో. దానికి తోడు కమ్యూనిస్టులతో రాజీ లేదు. ఆ ఇంగ్లిషు మాటనే అలా ఉంచి, అర్థం ఆయన చేసిన పనుల్లో తెలియనివ్వు.

సెనేటర్ అంటే మన రాజ్యసభ సభ్యుడిలాంటివాడని మూడో పేజీలో రాశావు. అది సగమే నిజం. మన దగ్గర ఎమ్మెల్యేలు ఎన్నుకుని పంపుతారు. అక్కడ 1913 నుంచి జనమే నేరుగా ఓటేస్తున్నారు. రాష్ట్రం పెద్దదైనా చిన్నదైనా ఇద్దరే, ఆరేళ్లు పదవి. జనం పల్చగా ఉన్న ఎడారి రాష్ట్రం నుంచి వెళ్లినవాడి ఓటుకీ, న్యూయార్క్ నుంచి వచ్చినవాడి ఓటుకీ ఒకటే విలువ. ఇది చెప్పకపోతే అరిజోనా మనిషి అంత దూరం ఎలా వెళ్లాడో అర్థం కాదు.

ఇక నాకు బాగా కోపం తెప్పించిన విషయం. ఎర్రచీమల సంగతి అరవాక్యంలో తేల్చేశావు! వాళ్ల తాత పోలండ్‌లోని కోనిన్ నుంచి వచ్చిన యూదు. గోల్డ్‌వాసర్ అనే ఇంటిపేరు గోల్డ్‌వాటర్ అయింది. కుటుంబానికి ఫీనిక్స్‌లో పెద్ద బట్టల దుకాణం. తండ్రి పోయాక బారీ చదువు ఆపేసి అందులో కూర్చున్నాడు. కుదురుగా కూర్చోలేనివాడికి ప్యాంటులో చీమలున్నాయంటారు అక్కడ. ఈయన ఆ సామెతని నిజం చేసి, మగవాళ్ల తెల్లటి డ్రాయర్ల మీద ఎర్రచీమలు పాకుతున్నట్టు అచ్చు వేయించి అమ్మాడు. బాగా పోయాయి. రేపు సెనేట్‌లో చేతులూపుకుంటూ మాట్లాడబోయే మనిషి ఆ కౌంటర్ వెనకాలే ఉన్నాడు. కొనేవాణ్ణి ముందు నవ్వించాలన్న సంగతి అక్కడే తెలిసింది. నాకైతే ఒక పేజీ కావాలి దీనికి. కమిటీల పేర్ల జాబితా మొత్తం తీసేయ్, చోటు అదే దొరుకుతుంది.

పదవుల క్రమం ఒక పేరాలో చాలు. 1949లో ఫీనిక్స్ సిటీ కౌన్సిల్. 1952లో సెనేట్, అదీ మామూలువాణ్ణి కాదు, సెనేట్‌లో అధికార పక్ష నాయకుడైన మెక్‌ఫార్లండ్‌ని ఏడువేల లోపు ఓట్ల తేడాతో ఓడించి. రెండో ప్రపంచ యుద్ధకాలంలో అమెరికా నుంచి ఇండియాకి విమానాల్లో సరుకులు చేరవేశాడనీ, హిమాలయాల మీదుగా చైనాకి కూడా వెళ్లొచ్చాడనీ నువ్వు రాసింది బాగుంది. అది మనకు దగ్గరి విషయమని మరీ సాగదీయకు. ఆయనకి మనం దారిలో తగిలిన ఊరు మాత్రమే.

నీళ్ల సంగతి ఎందుకు వదిలేశావు? వాషింగ్టన్ మన జోలికి రావద్దన్న మనిషి పెరిగిన ఊరు బతికిందే వాషింగ్టన్ కట్టించిన డ్యామ్ మీద. ఫీనిక్స్ ఎగువన రూజ్‌వెల్ట్ డ్యామ్ 1911లో పూర్తయింది. తర్వాత కొలరాడో నదిలో వాటా కోసం అరిజోనా కాలిఫోర్నియాతో సుప్రీంకోర్టు దాకా వెళ్లి 1963లో గెలిచింది. ఆ నీళ్లని ఎడారిలోకి మళ్లించే కాలవకి 1968లో కేంద్రం డబ్బిస్తే, ఈయన కూడా సై అన్నాడు. నీళ్ల పంపకాల దగ్గర సిద్ధాంతాలు ఎలా మెత్తబడతాయో కృష్ణా ఒడ్డున పుట్టినదానివి, నీకు నేను చెప్పాలా?

ఇప్పుడు అసలు చోటికొద్దాం. 1964 జూన్ 19. హోటళ్లలో, ఉద్యోగాల్లో జాతివివక్షని నిషేధించే పౌరహక్కుల బిల్లు 73-27 ఓట్లతో సెనేట్‌లో నెగ్గింది. వద్దన్న 27 మందిలో రిపబ్లికన్లు ఆరుగురే, అందులో ఈయన ఒకడు. నువ్వేం రాశావు? "ఆయన జాతివివక్షకు వ్యతిరేకి అయినప్పటికీ రాజ్యాంగ విలువలకు కట్టుబడి వ్యతిరేకించారు." వాక్యం బాగుంది, శుభ్రంగా ఇస్త్రీ చేసినట్టుంది. అదే నాకు నచ్చలేదు.

విడదీసి రాయి. అరిజోనా ఎయిర్ నేషనల్ గార్డ్‌ని, అంటే రాష్ట్ర వైమానిక దళాన్ని, నిలబెట్టినప్పుడు నల్లవాళ్లనీ తెల్లవాళ్లనీ కలిపే ఉంచాడు, దేశం మొత్తం సైన్యానికి ప్రెసిడెంటు ట్రూమన్ ఆ ఉత్తర్వు ఇవ్వకముందే. 1957 పౌరహక్కుల బిల్లుకి ఓటేశాడు. 1964 నాటికి మాత్రం, హోటల్ యజమాని ఎవరికి వడ్డించాలో, కంపెనీ ఎవరికి ఉద్యోగమివ్వాలో చెప్పే అధికారం కేంద్రానికి లేదన్నాడు. సరే. మరి హోటల్ కౌంటర్ ముందు నిలబడ్డ నల్లజాతి మనిషికి ఆ వాదన ఎలా వినిపించి ఉంటుంది? రెండు గ్లాసుల పద్ధతి నడిచిన టీ కొట్లు నా కళ్లతో చూసినవాణ్ణి. "కొట్టు నాది, నా ఇష్టం" అన్న మాట ఎవరి నోట్లో ఎలా పలుకుతుందో నాకు తెలుసు. ఆ నవంబరులో ప్రెసిడెంటు ఎన్నికల్లో రిపబ్లికన్ల తరఫున నిలబడి ఆయన గెలిచింది ఆరు రాష్ట్రాలు. ఒకటి సొంత అరిజోనా. మిగతా ఐదూ జాతివివక్ష పాతుకుపోయిన దక్షిణాది రాష్ట్రాలు: లూసియానా, మిసిసిపీ, అలబామా, జార్జియా, సౌత్ కరోలినా. మిసిసిపీలో ఏకంగా 87 శాతం ఓట్లు పడ్డాయి. ఆయన రాజ్యాంగం అన్నాడు, అక్కడి తెల్లవాళ్లు తమకు కావాల్సింది విన్నారు. ఈ రెండూ పక్కపక్కన పెట్టి ఊరుకో. మధ్యలో 'అయినప్పటికీ' వద్దు.

ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, ఆ తప్పు నేను చేశాను. ముప్పై ఏళ్ల వయసులో మా జిల్లా నాయకుడొకాయన జీవితం రాసిపెట్టాను. ఆవిష్కరణ సభ, శాలువా, ఫొటోలు అన్నీ అయ్యాయి. భోజనాల దగ్గర ఒక ముసలాయన విస్తరి ముందు కూర్చుంటూ, "చెరువు సంగతి రాయలేదేం బాబూ?" అన్నాడు. అంతే, ఇంకేం అడగలేదు. పప్పు కలుపుకుని తిన్నాడు. చెరువు సంగతి నాకు తెలుసు. తెలిసే 'కొన్ని వివాదాలు ఉన్నప్పటికీ' అని దాటేశాను. ఆ పుస్తకం ఇప్పటికీ మా బీరువాలో వెనక వరసలో ఉంది.

అలాగని రెండో వైపుకి జారిపోకు. ఆ ఎన్నికల ముందు ఒక పత్రిక పన్నెండు వేల మందికి పైగా సైకియాట్రిస్టులకి ఉత్తరాలు రాసి, ఈయన మానసికంగా ప్రెసిడెంటు పదవికి పనికొస్తాడా అని అడిగింది. జవాబిచ్చినవాళ్లలో 1,189 మంది పనికిరాడన్నారు, మనిషిని ఎదురుగా చూడకుండానే. ఆయన దావా వేసి గెలిచాడు. నష్టపరిహారం ఒక డాలరు, శిక్షగా మరో 75 వేల డాలర్లు. చూడని మనిషికి జబ్బు పేరు పెట్టకూడదని అక్కడి సైకియాట్రిస్టుల సంఘం 1973లో నియమం పెట్టుకుంది. దాన్ని జనం ఆయన పేరుతోనే పిలుస్తారు. నీ వ్యాసంలో "బాల్యంలోని అభద్రతే ఈ మొండితనానికి కారణం" అని ఒక ముక్క ఉంది చూశావా, అది కొట్టేయ్. నువ్వు డాక్టరువి కాదు, ఆయన నీ పేషెంటూ కాదు.

ఇంకో జాగ్రత్త. 'అన్నాడు', 'రాశాడు' ఒకటి కాదు. స్వేచ్ఛని కాపాడుకోవడంలో తీవ్రత తప్పు కాదన్న 1964 శాన్‌ఫ్రాన్సిస్కో పార్టీ సభ మాట ఆయన నోట వచ్చింది కానీ, కలం హ్యారీ జాఫాది. 1960లో ఆయన్ని దేశమంతా పరిచయం చేసిన చిన్న పుస్తకం రాసిపెట్టింది బ్రెంట్ బోజెల్. నీలాంటి రాసేవాళ్లు ఆ పేర్లు మింగేస్తే ఎలా?

1974 ఆగస్టు 7 సాయంత్రం బాగా రాశావు. పార్టీ నాయకులు హ్యూ స్కాట్, జాన్ రోడ్స్‌తో కలిసి, వాటర్‌గేట్ కుంభకోణంలో చిక్కుకున్న ప్రెసిడెంటు నిక్సన్ గదిలోకి వెళ్లడం. రాజీనామా చెయ్యమని ఎవరూ అనలేదు. అభిశంసన నుంచి గట్టెక్కాలంటే సెనేట్‌లో 34 ఓట్లు కావాలి, ఇరవై కూడా లేవు. ఆ లెక్క మాత్రం చెప్పి వచ్చారు. మర్నాడు రాత్రి నిక్సన్ టీవీలో దిగిపోతున్నానన్నాడు. ఆ పేజీలో "చారిత్రాత్మక", "సాహసోపేత" అనే విశేషణాలు నాలుగున్నాయి, పెన్సిలుతో గీశాను. అంకెలే చాలు అక్కడ.

చివరి రోజుల గురించి నువ్వు తొందరపడ్డావు. 1987 జనవరిలో దిగిపోయాక ఆ సీటులో జాన్ మెకెయిన్ కూర్చున్నాడు. గోల్డ్‌వాటర్ మాత్రం ఊరుకోలేదు. 1993లో, సైన్యంలో స్వలింగ సంపర్కులు ఉంటే ఏమైంది, గురి తప్పకుండా కాలిస్తే చాలు కదా అన్నాడు. సొంత పార్టీవాళ్లే మండిపడ్డారు. ఈయన మారాడా, పార్టీ పక్కకి జరిగిపోయిందా? నా మట్టుకు పార్టీయే జరిగిందనిపిస్తుంది, కానీ 1964 ఓటు గుర్తొచ్చినప్పుడల్లా ఆ మాట గట్టిగా అనలేను. నీకేమనిపిస్తుందో నువ్వే చూసుకో.

వియత్నాంలో ఉన్న సైనికుల్ని తన హామ్ రేడియో ద్వారా వాళ్ల ఇళ్లకి ఫోన్ కలిపిన సంగతి చివర్లో ఎక్కడో ఇరికించావు. దాన్ని ముందుకి తీసుకురా. ఆ యుద్ధం ఇంకా గట్టిగా చెయ్యాలన్నవాడే, పాక మీద నిలబెట్టిన ఏంటెన్నా కింద ఎవడి గొంతో వాళ్లమ్మకి వినిపించేట్టు చేస్తున్నాడు. 'పాక' నేను కల్పించాను, నువ్వు మాత్రం అలా చెయ్యకు. ఆ గది ఎలా ఉండేదో ఫొటోలు దొరుకుతాయేమో వెతుకు.

రెండో డ్రాఫ్టు జూన్ 19తో మొదలుపెట్టి చూడు. కుదరకపోతే ఎర్రచీమలతో. ప్రింటు తీసి పోస్టులో పంపు, అక్షరాలు కాస్త పెద్దవి చేసి. ఫోన్లో చదువుతుంటే నా కళ్లు నీళ్లు కారుతున్నాయి.

అన్నయ్యని అడిగానని చెప్పు.

ఇట్లు,
మీ మాస్టారు